నాలుగో ప్రతివాది సన్మాన సభ

ఫ్లెక్సీలో నవ్వుతోంది నాలుగో ప్రతివాది. మనిషికి అరవై రెండు నిండాయి గాని ఫోటోలో నలభై దాటనివ్వలేదు స్టూడియోవాడు, బుగ్గలకి రంగు పూశాడు, వెనక తామరపువ్వులు పెట్టాడు, కింద ఇంత లావు అక్షరాలతో పదవీ విరమణ శుభాకాంక్షలు అని కొట్టాడు. పేరు భారతి. ఊరందరికీ భారతి టీచరు. నాకు మాత్రం నాలుగో ప్రతివాదే. నా కేసులో మొదటి ప్రతివాది ప్రభుత్వం, రెండోది డైరెక్టరు, మూడోది జిల్లా విద్యాధికారి. వాళ్లెవరికీ ముఖాల్లేవు. ముఖం ఉన్నది ఈవిడొక్కతికే, అందుకే ఇన్నేళ్లూ నా కోపమంతా ఈ ముఖం మీదే పెట్టుకున్నాను. షామియానా అంచు కింద నుంచి ఎండ దూరి నా పాదాల మీద పడుతోంది. చివరి వరసలో కాలు వంగిన ప్లాస్టిక్ కుర్చీలో, కొంగు కింద ఫోన్ పట్టుకుని కూర్చున్నాను. ఇవాళ నెలాఖరు. సాయంత్రానికి ఆవిడ ఉద్యోగం అయిపోతుంది. ఆవిడ ఉద్యోగం అయిపోతే నా కేసూ అయిపోతుంది. అక్కడ కోర్టులో ఇవాళ్టి లిస్టులో మా నంబరుంది, చివర్లో ఎక్కడో ఉంది, జడ్జిగారు లేచేలోపు వినేస్తే నాకింకా కొన్నేళ్ల సర్వీసు మిగిలుంటుంది. వినకపోతే, ఉద్యోగమే ఖాళీ అయిపోయాక దేనికమ్మా కొట్లాట అని అడుగుతారట, కొట్టేస్తారట. వకీలుగారి గుమాస్తా ఈశ్వర్ చెప్పాడు. పొద్దున్నించి వాడి మెసేజీ కోసమే ఈ ఫోన్ ఇలా వేడెక్కేలా పట్టుకున్నాను.

రావొద్దన్నాడు జేమ్స్. మా ఆయన ఆర్టీసీలో మెకానిక్, ఏ బండి ఎక్కడ ఆగిపోతుందో చప్పుడు విని చెప్పేస్తాడు, ఈ కేసు గురించీ మొదట్లోనే చెప్పాడు, నేనే వినలేదు. కార్డొస్తే ఎల్లిపోడమేనేటి, సిగ్గు నేదా నీకు అన్నాడు పొద్దున్న. సిగ్గుంది. దానికంటే కసి ఎక్కువుంది. కార్డు నా పేరు మీదే వచ్చింది, శ్రీమతి దేవమణి గారికి అని గుండ్రటి అక్షరాలతో, అడ్రసులో ఒక్క తప్పు లేకుండా. తప్పెందుకుంటుంది, కోర్టు కాగితాల మీద ఇన్నేళ్లూ ఒకే పేజీలో ఉన్నాం, పైన నేను, కింద ఆవిడ. తండ్రి పేరు, వయసు, ఊరు, ఒకరివొకరికి కంఠతా వచ్చు. మరి పిలవడం ఎందుకు? నన్ను ఏడిపించడానికి. చూశావా, చివరిదాకా నిలబడ్డాను అని చూపించుకోవడానికి. వేరే కారణం నాకు తట్టలేదు, తట్టినా నమ్మేదాన్ని కాదు. చూపించుకో, నేనూ కళ్లారా చూస్తాను అనుకుని, నేను పాఠాలు చెప్పే కాన్వెంటుకి సెలవు పెట్టి పాతపట్నంలో ఆటో ఎక్కాను.

ఎంఈవో గారు ఇంకా రాలేదు. ఆయన వస్తే గాని జ్యోతి వెలిగించరు, జ్యోతి వెలిగితే గాని సభ మొదలవదు, అయినా హెడ్మాస్టరు నరసింగరావు మైకు వదలడం లేదు. క్రమశిక్షణకు మారుపేరు అంటాడు. పిల్లల పాలిట కన్నతల్లి అంటాడు. కిందటి నెల ఇంకో బడిలో ఇంకొకరికి ఇవే అనుంటాడు, వచ్చే నెల మరొకరికి ఇవే అంటాడు, శాలువా మారుతుంది, మాట మారదు. ముందు వరసలో కూర్చున్న యూనియన్ నాయకులు ఒకరి చెవిలో ఒకరు ఏదో చెప్పుకుని నవ్వుకుంటున్నారు. కూల్‌డ్రింకు సీసాలు ఐసు పెట్టెలో గలగలమంటున్నాయి. ఈ బడి నాకు కొత్త కాదు. కాన్వెంటుకి పోయే ఆటో ఈ రోడ్డునే పోతుంది, బడి దగ్గరికి రాగానే తల తిప్పకూడదని రోజూ ఒట్టు పెట్టుకుంటాను, రోజూ తిప్పుతాను. వరండా గోడ మీద ఎక్కాలు ఆవిడే రాయించింది. ఏడో ఎక్కం దగ్గర సున్నం పెచ్చు ఊడిపోయి చాన్నాళ్లయింది, మళ్లీ రాయించలేదు, అది చూసి ఎన్ని పొద్దుటిపూటలు సంతోషపడ్డానో. నేనైతే రాయించేదాన్ని. నేనైతే ప్రార్థనకి పిల్లల్ని ఎండలో నిలబెట్టను, ఆ బాదంచెట్టు నీడలో నిలబెడతాను. నేనైతే, నేనైతే. ఇన్నేళ్లూ ఈ బడిని ఆటోలోంచి నేనే నడిపాను. కాన్వెంటులో పిల్లలు నన్ను మిస్ అంటారు. మిస్‌కి జీతం ఇస్తే ఇచ్చినట్టు, ఎండాకాలం అసలు ఇవ్వరు. టీచరుగారు అంటే వేరు. ఆవిడ రోడ్డు మీద నడుస్తుంటే అరుగు మీద ముసలాళ్లు బీడీ పారేసి లేచి నిలబడడం చూశాను నేను, నా కళ్లతో చూశాను. ఆ లేచి నిలబడడం నాకు రావాల్సింది. జీతం పోతే పోయింది, దానికి మాత్రం ఈవిడని క్షమించలేను.

మా ఊళ్లో ఎవరూ రాష్ట్రం పేరు పెట్టి మాట్లాడరు. ఏటికి ఇవతల ఆంధ్రా ఇటు, అవతల ఒడిశా అటు, అంతే. బెల్లానికి అటు వెళ్తారు, పిల్లనివ్వడానికి ఇటు వస్తారు, సంతలో బేరం సగం ఒడియాలో సగం తెలుగులో సాగుతుంది. నాన్న కృపారావు సంఘంలో పెద్ద, చర్చిలో గంట కొట్టేదీ ఆయనే, పాస్టరు రాకపోతే వాక్యం చదివేదీ ఆయనే. నాకు ఐదో తరగతి అయ్యేసరికి ఇటు హైస్కూలంటే పాతపట్నం పోవాలి, ఆ బస్సు వస్తే వచ్చినట్టు, రాకపోతే లేదు. అటు పర్లాకిమిడిలో మిషను వాళ్ల తెలుగు బడి, ఏరు దాటి నడిస్తే వచ్చేస్తుంది. నాన్న దగ్గరి బడి చూశాడు. ఏ తండ్రయినా అదే చూస్తాడు. నడిసెల్లి నడిసొచ్చేస్తాది పిల్ల అని అమ్మతో అన్నాడు, అమ్మ సరేనంది, ఆ ఒక్క మాటతో నా బతుకు అయిపోయిందని ఆ ఇద్దరికీ తెలీదు, నాకూ తెలీదు. చెప్పులు చేత్తో పట్టుకుని, పరికిణీ ఎత్తి పట్టుకుని ఏరు దాటేదాన్ని, అవతల ఇసకలో కాళ్లు దులుపుకునేదాన్ని. పది దాకా అక్కడే చదివాను. చదివింది తెలుగే, పట్టింది తెలుగు పద్యాలే. ఆ నీళ్లలో ఎక్కడో ఒక గీత ఉందనీ, దాన్ని దాటిన ప్రతి పొద్దుటా నా ఉద్యోగం కొంచెం కొంచెం కొట్టుకుపోతోందనీ ఎవరైనా చెప్పి ఉంటే ఈది వెనక్కి వచ్చేదాన్ని. మోకాలి లోతు నీళ్లు, ఈదక్కర్లేదు కూడా.

డీఎస్సీలో మార్కులు బాగా వచ్చాయి. జిల్లాలో నా పైన ఉన్నవాళ్లకంటే కింద ఉన్నవాళ్లే ఎక్కువ, ఈ భారతి ఎంతో కింద. సర్టిఫికెట్లు చూసే బల్ల దగ్గర ఒకాయన, నాలుగు నుంచి పది దాకా ఎక్కడ చదివావమ్మా అని అడిగాడు. ఐదు దాకా ఇక్కడే, ఆపైన పర్లాకిమిడి అన్నాను, గర్వంగానే అన్నాను, మంచి బడి కదా. ఆయన పెన్నుకి మూత పెట్టేశాడు. అలాగైతే నువ్వు ఈ జిల్లా మనిషివి కాదమ్మా, నాన్‌లోకల్ అన్నాడు. నా ఓటు ఇక్కడ, రేషను కార్డిక్కడ, నాన్న సమాధి ఇక్కడ, నేను మాత్రం ఇక్కడిదాన్ని కాదు. ఎక్కువేళ్లు ఏ జిల్లాలో చదివితే ఆ జిల్లా మనిషట, అటు చదివినవాళ్లు ఎక్కడి మనుషులూ కారట. లోకల్ వాళ్లకి ఉంచిన ఆ ఉద్యోగం నన్ను దాటుకుని కిందికి జారి, జారి, రాజాంలో చదువుకున్న భారతి ఒళ్లో పడింది. మొన్న జిల్లాలు విడగొట్టినప్పుడు రాజాం విజయనగరంలోకి పోయింది. పేపర్లో మ్యాపు చూసి పడీపడీ నవ్వాను, జేమ్స్ భయపడి మంచినీళ్లు తెచ్చాడు. ఆవిడ చదివిన బడి మొత్తం గీత దాటి అవతలికి పోయింది, అయినా ఆవిడ లోకలే. చిన్నపిల్లని, నేను దాటితే మాత్రం జన్మంతా శిక్ష.

కేసు వేసేనాటికి మెర్సీ కడుపులో ఉంది. దానికీ కేసుకీ ఒకటే వయసు. మెర్సీని ఏరు దాటనివ్వలేదు నేను. బస్సు రాని రోజున జేమ్స్ సైకిలు మీద పాతపట్నం దించేవాడు, వానలో తడిసి ఒళ్లు కాలిపోతున్నా సరే, పట్టుబట్టి దాన్ని లోకల్‌గా పెంచాను. పెరిగింది. టీచరు ఉద్యోగం మాటెత్తితే అన్నం ముందు నుంచి లేచిపోతానంది. శ్రీకాకుళంలో సెల్‌ఫోన్ల షాపులో బిల్లులు కొడుతోంది. నీ కేసు నాకు అక్కవుతాదేటమ్మా, సెల్లవుతాదేటి అని ఓసారి అడిగింది. నవ్వుతూ అడిగిందో, ఏడుస్తూ అడిగిందో ఇప్పటికీ తెలీదు. ఆ పూట కూడా నేను ఈశ్వర్‌కి ఫోన్ కలుపుతున్నాను.

చప్పట్లు. ఎంఈవో గారు వచ్చారు, జ్యోతి గాలికి ఆరిపోతే మళ్లీ వెలిగించారు. నాలుగో ప్రతివాది కొత్త పట్టుచీరలో వేదిక మీద కూర్చుంది, పక్కన భర్త, చేతికర్ర కాళ్ల మధ్య పెట్టుకుని. జనంలోకి చూస్తోంది, ఒక్కొక్క వరసే వెతుకుతోంది, నన్ను చూసింది, ఆగింది. తల దించుకుంటానేమో అనుకుందా? దించలేదు. ఆ చూపు నాకు తెలుసు, హైదరాబాదు రైల్లో చూశాను. అప్పట్లో కేసు ట్రిబ్యునల్లో ఉండేది, ఆమదాలవలసలో రైలెక్కి కూర్చుంటే తెల్లారి దిగడం. ఓసారి తెల్లారి కళ్లు తెరిస్తే ఎదురు సీట్లో ఈవిడ. అదే కేసు, అదే వాయిదా, అదే రైలు, శత్రువుకని వేరే రైలు ఎక్కడ వేస్తారు. క్యారేజీ విప్పింది, ఆకు మీద రెండు ఇడ్లీలు, కొబ్బరి పచ్చడి పెట్టి నా వైపు జరిపింది. తినండి, మళ్లీ అక్కడెప్పటికో అంది. నా కడుపు కాలిపోతోంది. కిటికీలోకి తిరిగిపోయాను. స్టేషను వచ్చేదాకా ఆ ఆకు అక్కడే ఉంది, నేను ముట్టలేదు, ఆవిడ తీయలేదు. ట్రిబ్యునల్ వరండాలో ఒకే బల్లకి ఆ చివర ఆవిడ, ఈ చివర నేను పొద్దంతా కూర్చుంటే, మా నంబరు వచ్చేసరికి ప్రభుత్వం తరఫు ఆయన కౌంటరు, అంటే వాళ్ల జవాబు, వేయడానికి గడువడిగాడు. ఇద్దరం అదే రైల్లో వెనక్కొచ్చాం. ఆ ఇడ్లీలు తిననందుకు అప్పుడు గర్వపడ్డాను. ఇప్పటికీ గర్వమే.

తర్వాత రాష్ట్రం రెండు ముక్కలైంది, ట్రిబ్యునల్ ఎత్తేశారు, కాగితాలు హైకోర్టుకి వెళ్లాయి, పాత వకీలుగారు పోయారు. ఆయన కొడుకు మోహనకృష్ణ గారు చూస్తున్నారు, అంటే ఆయన గుమాస్తా ఈశ్వర్ చూస్తున్నాడు. ఈశ్వర్ మన వైపువాడే, ఇక్కణ్నుంచి పోయి అక్కడ స్థిరపడ్డాడు, అందుకే వాడి మాట చెవికి చుట్టాల మాటలా ఉంటుంది. వచ్చే వారం సూద్దాం లెండి అంటాడు. మరి తేదీ ఎప్పుడు బాబూ అంటే, ఫోన్ సేస్తాను లెండి అంటాడు. ఒక్కసారి, ఒక్కసారైనా తనంతట తను చేసిన పాపాన పోలేదు. లేదు, రాదు అని ఎవరైనా నా మొహం మీద చెప్పి ఉంటే ఓ నెల ఏడ్చి ఊరుకునేదాన్ని, ఏ బట్టల కొట్టో పెట్టుకునేదాన్ని, మెర్సీ పక్కన కూర్చుని అది అన్నం తినేదాకా ఉండేదాన్ని. ఎవరూ లేదని చెప్పలేదు. అందరూ వచ్చే వారం అన్నారు. మధ్యలో రిటైర్మెంటు వయసు యాభై ఎనిమిది నుంచి అరవై చేశారు, అరవై నుంచి అరవై రెండు చేశారు, ఆ రెండుసార్లూ వాళ్లింట్లో పండగ, మా ఇంట్లోనూ పండగే. ఆవిడ ఉద్యోగం బతికితేనే కదా నా కేసు బతికేది. ఆవిడకి జ్వరమని తెలిస్తే తగ్గాలని ప్రార్థన చేసుకున్నదాన్ని నేను. ప్రార్థన అయ్యాక నా మీద నాకే అసహ్యం వేసింది.

ఇప్పుడు మైకులో ఓ ఆడపిల్ల. పేరు రేఖ, ఈ బడిలోనే చదివిందట, సచివాలయంలో ఉద్యోగం. నేను ఎడం చేత్తో రాస్తంటే అందరూ కొట్టీవోరు, టీచరుగారొక్కరే ఎడం సేతికి పలక ఇచ్చారు అంది, అంతే, మైకు వదిలేసి పోయింది. నాలుగో ప్రతివాది కొంగుతో కళ్లొత్తుకుంది. నేనూ ఎడం చేతికే ఇస్తాను పలక. నా దగ్గరా అలాంటి పిల్లలున్నారు, కాన్వెంటులో ఫీజు కట్టలేక మానేసి పోయారు, ఏ మైకులోనూ నా పేరు చెప్పరు. నాకు అసూయ. పళ్లు నూరుకునేంత అసూయ. ఆవిడ చెడ్డ టీచరయి ఉంటే ఎంత బాగుండేది, పెచ్చు ఊడిన ఏడో ఎక్కం తప్ప నాకేమీ దొరకలేదు.

చేతిలో ఫోన్ అదిరింది. కొంగు తొలగించి చూశాను. మన నంబరు రీచ్ అవలేదండీ, కోర్టు లేచిపోయింది, వచ్చే వారం సూద్దాం. అంతే రాశాడు ఈశ్వర్, చివర దణ్ణం పెట్టే బొమ్మ. వాడికి తెలీదా ఇవాళ నెలాఖరని? వాడే కదా చెప్పాడు. మర్చిపోయుంటాడు, చేతికి అలవాటైన మాట కొట్టేసి ఉంటాడు. వేదిక మీద శాలువాలు కప్పుతున్నారు, ఒకదాని మీద ఒకటి, ఆవిడ ముఖం మాత్రమే కనిపిస్తోంది. చప్పట్లు కొడుతున్నారు. నా పక్కన కూర్చున్న ముసలమ్మ కూర్మమ్మ మోచేత్తో పొడిచి, కొట్టమ్మా అంది. కొట్టాను. చేతులు రెండూ ఆనించి విడదీశాను, చప్పుడు రాలేదు. కళ్లలోకి నీళ్లు కూడా రాలేదు, అవి ఇదివరకే వాడేసుకున్నాను.

జనం స్వీటు పొట్లాల కోసం లేచారు. నేను గేటు వైపు నడుస్తుంటే వెనక నుంచి చెయ్యి పట్టుకుంది ఆవిడ, మెళ్లో దండ ఇంకా తీయలేదు.

“దేవమణిగారూ, ఒక్కసారి లోపలికి రండి,” అంది.

తరగతి గదిలోకి తీసుకెళ్లింది. చిన్నపిల్లల బల్లలు, నల్లబల్ల, దాని ముందు చేతుల కుర్చీ ఒకటి, నున్నగా అరిగిపోయి. ఆవిడ కూర్చోమనలేదు, నేనే వెళ్లి ఆ కుర్చీలో కూర్చున్నాను. ఆవిడ మోకాళ్లు పట్టుకుని పిల్లల బల్ల మీద కిందికి కూర్చుంది. ఆ కుర్చీలోంచి చూస్తే గది చాలా పెద్దదిగా ఉంది.

“నా పింఛను కాయితాలు కదలవంటండి,” అంది. “కేసున్నాది కదా, అది తేలీదాకా ఆపేస్తారంట. తేలడమంటే ఎప్పటికో మీకూ తెలుసు. మా ఆయన సంగతి సూశారు కదా. మీరు కేసు ఎనక్కి తీసుకుంటానని ఓ సంతకం పెడితే అయిపోతాదంట.”

“కార్డు అందుకే పంపారా?”

ఆవిడ తల దించుకుంది. “అందుక్కూడానండి,” అంది. “ఈ ఉజ్జోగం నాదని ఏ రోజూ అనుకోలేదు నేను. ఆర్డరు మీద తీర్పుకి లోబడి అని రాసిచ్చారు. రోజూ బడికొచ్చీటప్పుడు, ఇయాల ఉన్నాదో పోతాదో అనుకుంటా వచ్చీదాన్ని. ప్రమోషనూ ఇవ్వలేదు. తప్పు మీదీ కాదు, నాదీ కాదు. నాకు మీ మీద కోపం నేదండి.”

కోపం లేదట. ఎంత సులువుగా చెప్పింది, ఈ గది, ఈ కుర్చీ, ఎడం చేతి పిల్ల, అరుగు మీద లేచి నిలబడే ముసలాళ్లు, అన్నీ అనుభవించి కోపం లేదట. నాకుంది. నాకు మిగిలింది అదొక్కటే, దాన్నీ ఇమ్మని అడుగుతోంది. సంతకం పెడితే నాకు పోయేదేమీ లేదు, కోర్టు లేచిపోయింది, నా కేసు చచ్చిపోయింది. చచ్చిపోయిన ఆ కాగితాలు నాకు ఉద్యోగం ఇవ్వలేవు గాని ఈవిడ పింఛను ఆపగలవు. ఇన్నేళ్లలో నాకు అందిన బలం ఇదేనా? నవ్వొచ్చింది. ఆ చేతికర్ర గుర్తొచ్చింది. రైల్లో ఆ ఆకు గుర్తొచ్చింది, అంచులు ముడుచుకుపోతూ. ఆవిడ నా నోటి వైపే చూస్తోంది. ఎదుటివాళ్ల నోటి వైపు అలా చూడడం నాకు తెలుసు, నేను ఫోను చెవికి పెట్టుకుని ఎన్ని పూటలు అలా గోడ వైపు చూశానో, నా నోటి వైపు మాత్రం ఇప్పటిదాకా ఎవరూ చూడలేదు. కుర్చీ చేతులు నా అరచేతుల కింద చల్లగా, నున్నగా ఉన్నాయి. లేదు అందామనుకున్నాను. సరే అని కూడా అనగలిగేదాన్నేమో. నోరు తెరిచాను.

“వచ్చే వారం సూద్దాం లెండి,” అన్నాను.

ఆవిడ ముఖంలో కొంచెం వెలుగొచ్చింది. లేదనలేదు కదా నేను. “మరెప్పుడు రమ్మంటారండి?” అంది.

“ఫోన్ సేస్తాను లెండి.”

తల ఊపింది. లేచి, మెళ్లో దండ సర్దుకుని, నాకోసం తలుపు తెరిచి పట్టుకుంది. నమ్మింది. మొదటిసారి నేనూ అలాగే నమ్మాను.